ఆజీవికుల నియతివాదం: పరుల మాటలలో మిగిలిన దర్శనం

మగధరాజు అజాతశత్రువు ఒక వెన్నెల రాత్రి బుద్ధుని దర్శనానికి వెళ్లినాడనీ, అంతకుముందు ఆరుగురు గురువులను అడిగి తృప్తి చెందని ప్రశ్ననే ఆయన ముందూ ఉంచినాడనీ దీఘనికాయంలోని సామఞ్ఞఫలసుత్తం చెబుతున్నది. ప్రశ్న సూటి అయినది. మావటివాడు, వంటవాడు, క్షురకుడు, మాలలు కట్టేవాడు, సాలెవాడు, కుమ్మరి వీరందరూ తమ తమ వృత్తుల వలన కంటికి కనిపించే ఫలం ఈ లోకంలోనే పొందుతున్నారు; సన్న్యసించినవానికి అటువంటి ప్రత్యక్షఫలం ఏమున్నది? ఆ ఆరుగురిలో ఒకడైన మక్ఖలి గోసాలుడు ఇచ్చిన సమాధానాన్ని రాజు బుద్ధునికి వినిపించినాడు. ప్రాణులు కలుషితులు కావటానికి హేతువు లేదు. పరిశుద్ధులు కావటానికీ హేతువు లేదు. తాను చేసేది లేదు, పరులు చేసేది లేదు, పురుషప్రయత్నమన్నది అసలే లేదు. 84 లక్షల మహాకల్పాలు సంసారంలో తిరిగి తిరిగి, మూర్ఖుడైనా పండితుడైనా ఒకేవిధంగా దుఃఖాంతాన్ని చేరుకుంటాడు. విసిరిన నూలుండ ఎంత దారమున్నదో అంత దూరమే విప్పుకుంటూ పోయి ఆగినట్లు, ప్రతి జీవి ప్రయాణమూ అంతే.

ఆ సమాధానం విన్న రాజుకు, మామిడిని గురించి అడిగితే మరొక పండును గురించి చెప్పినట్లు తోచినదట. బౌద్ధగ్రంథం ఉద్దేశం కూడా అదే: గోసాలుడు ప్రశ్నను తప్పించుకున్నాడని చూపటం. కాని నిదానించి చదివితే ఆ సమాధానం ప్రశ్నకు తగినదేనని తెలుస్తుంది. సన్న్యాసానికి ఫలమేమిటని రాజు అడిగినాడు; సన్న్యాసం ఒక ఫలానికి సాధనమే కాదని గోసాలుడు చెప్పినాడు. అతని మతంలో అది సాధనం కాదు, దారం చివరికి వస్తున్నదనటానికి గుర్తు మాత్రమే. ఇంత పెద్ద భేదాన్ని సుత్తకారుడు గమనించలేదో, గమనించీ పాఠకునికి అందనీయలేదో నిర్ణయించటం కష్టం. ఆజీవిక దర్శన చరిత్ర అంతటా ఎదురయ్యే చిక్కు ఇదే. దాదాపు రెండువేల ఏండ్లు ఈ దేశంలో బతికిన ఆ మతానికి స్వంత గ్రంథమంటూ ఒక్కటీ మిగలలేదు. ఈనాడు దానిని గురించి తెలిసినదంతా దానిని ఖండించినవారి కలాల నుండి వచ్చినదే.

గురువు పేరుతోనే ఈ కథ మొదలవుతుంది. జైనుల భగవతీసూత్రం 15వ శతకం ప్రకారం అతని తండ్రి ఒక మంఖుడు. అంటే పటం చూపి, పాడి, భిక్షమెత్తి బతికేవాడు. పటం కథలవారిని ఎరిగిన తెలుగువారికి ఆ వృత్తి కొత్త కాదు. వానాకాలంలో తలదాచుకొనే చోటు లేక ఆ దంపతులు ఒక బ్రాహ్మణుని గోశాలలో దిగినారు. అక్కడ పుట్టినవాడు గనుక గోశాలుడైనాడు. బౌద్ధ వ్యాఖ్యాత బుద్ధఘోషుడు మరొక కథ చెప్పినాడు. అతడొక దాసుడట. నూనెకుండ మోస్తూ బురదలో నడుస్తుండగా యజమాని ‘తొట్రుపడకుమా’ అని పాలిభాషలో హెచ్చరించినాడట. అయినా అతడు తొట్రుపడి కుండ పగులగొట్టినాడు. పారిపోతుంటే యజమాని చేతికి బట్ట చిక్కినది. అది వదిలి దిగంబరిగా పరుగెత్తినాడు. ఆ హెచ్చరికే పేరుగా, ఆ పరుగే సన్న్యాసంగా మారినవని వ్యాఖ్యాత పరిహాసం. సంస్కృత వైయాకరణులది మూడవ దారి. పాణిని ‘మస్కరి’ శబ్దాన్ని పరివ్రాజకార్థంలో సాధించినాడు. పతంజలి మహాభాష్యంలో దానిని వివరిస్తూ, మస్కరమనే వెదురుకర్ర పట్టుకున్నందువలన మస్కరి కాదు, కర్మలు చేయకండి, శాంతియే మీకు మేలని చెప్పేవాడు గనుక మస్కరి అన్నాడు. మూడు వ్యుత్పత్తులలోనూ చరిత్రపాలు ఎంతో చెప్పలేము. అయితే జైనుడు అతనిని భిక్షకుని కొడుకుగా, బౌద్ధుడు పారిపోయిన దాసునిగా చిత్రించగా, వాదంతో వైరం అంతగా లేని వైయాకరణుడు అతని నోట ఒక ఉపదేశాన్ని ఉంచినాడన్నది గమనింపదగినది. మూడింటిలో ‘శాంతి’ అనే మాట వినిపించేది అక్కడ మాత్రమే.

గోశాలుడు నియతివాది ఎట్లా అయినాడన్నదానికి జైనుల ఆవశ్యకచూర్ణిలో ఒక చిన్న కథ ఉన్నది. గోశాలుడు కొంతకాలం మహావీరునితో కలిసి తిరిగినాడు. దారిలో గొల్లలు కొందరు ఒక కుండలో పాయసం వండుతున్నారు. ఆకలిమీద ఉన్న గోశాలుడు ఆగుదామన్నాడు. ఆ పాయసం దక్కదు, కుండ పగులుతుందన్న జోస్యం వినిపించినది. గోశాలుడు పరుగున పోయి గొల్లలను హెచ్చరించినాడు. వారు వెదురుబద్దలతో కుండను గట్టిగా బిగించినారు. అయినా బియ్యం ఎక్కువై కుండ పగిలినది. గొల్లలు పెంకులలో మిగిలినది తిన్నారు. గోశాలునికి ఏమీ దక్కలేదు. నాటినుండి అతనికి నియతిలో నమ్మకం కుదిరినదట. భగవతీసూత్రంలోని నువ్వుమొక్క కథ కూడా ఇటువంటిదే. ఆ మొక్క పండుతుందని, దాని ఏడు పూల జీవాలు ఒకే కాయలో ఏడు గింజలుగా పుడతాయని మహావీరుడు చెప్పగా, దానిని అబద్ధం చేయటానికి గోశాలుడు మొక్కను పెకలించి పారవేసినాడు. ఇంతలో వాన కురిసి అది తిరిగి నాటుకున్నది. మళ్లీ ఆ దారిన వచ్చినప్పుడు కాయ విప్పి చూస్తే ఏడు గింజలు ఉన్నవి.

ఈ కథలను జైనులు తమ గురువు మహిమను చాటటానికి చెప్పుకున్నారు. అయినా వీటిలో ఒక సత్యం అనుకోకుండా నిలిచిపోయినది. కథలోని గోశాలుడు సోమరి కాడు. కుండను కాపాడటానికి పరుగెత్తినవాడు అతడే. మొక్కను పెకలించి భవిష్యత్తును పరీక్షించినవాడూ అతడే. ప్రయత్నం చేసి, ఆ ప్రయత్నం ఎక్కడ ఆగిపోతుందో చూచి, దానినుండి ఒక సిద్ధాంతం తీసినవాడు. నియతివాదం పనిదొంగ మతమని తేల్చినవారు ఈ అంశాన్ని మరచినారు.

తెలుగులో ఈ దర్శనాన్ని గురించి వ్రాసేవారికి భాషలోనే ఒక అడ్డంకి ఉన్నది. కష్టం వచ్చినప్పుడు తెలుగువాడు ‘నా కర్మ’ అంటాడు. ‘రాసిపెట్టి ఉన్నది’ అని కూడా అంటాడు. ‘తలరాత’, ‘ప్రాప్తం’, ‘విధి’, ‘నొసటివ్రాత’ ఇవన్నీ ఒకే అర్థంలో వాడుకలో ఉన్నవి. శాస్త్రదృష్టితో చూస్తే కర్మ, నియతి పరస్పరవిరుద్ధమైనవి. కర్మసిద్ధాంతంలో నేటి దుఃఖానికి నిన్నటి చేత కారణం, చేసినవాడే అనుభవిస్తాడు, కనుక నేడు మంచి చేస్తే రేపు మంచి కలుగుతుంది. అది కర్తను నిలబెట్టే సిద్ధాంతం. గోశాలుడు ఆ కర్తనే కాదన్నాడు. అతని లెక్కలో నిన్నటి చేత కూడా ఎవరూ చేసినది కాదు. నియతి, సంగతి, భావం అనే మూడు మాటలతో బౌద్ధగ్రంథం అతని మతాన్ని సంగ్రహించినది: నిర్ణయమైన క్రమం, ఆ క్రమంలో కలిసివచ్చే పరిస్థితులు, ప్రతిదానికీ ఉన్న స్వభావం. ఈ మూడింటివలననే జీవులు మారుతారు. దండించే దేవుడు ఇక్కడ లేడు. పాపపుణ్యాల ఖాతా లేదు. తెలుగు పలుకుబడిలో ‘రాత’ అన్నప్పుడు రాసినవాడు ఒకడు, బ్రహ్మయో మరొకరో, ఊహలో ఉంటాడు. ఆజీవికుల నియతికి రాసినవాడు లేడు. కనుక ‘తలరాత’ అని అనువదించినా, ‘కర్మ’ అని అనువదించినా వారి మాట తారుమారు అవుతుంది.

ఈ నియతివాదం పూర్తిగా గోశాలుని కల్పన అనుకోనక్కరలేదు. జగత్తుకు కారణమేమిటని విచారించే శ్వేతాశ్వతరోపనిషత్తు మొదట్లోనే కాలం, స్వభావం, నియతి, యదృచ్ఛ అన్న పక్షాలను వరుసగా పేర్కొని ముందుకు పోయినది. అంటే ఆ రోజులలో నియతి ఒక గుర్తింపు పొందిన పక్షం. మహాభారతం శాంతిపర్వంలో మంకి కథ ఉన్నది. బీదవాడైన మంకి మిగిలిన ధనంతో రెండు కోడెలను కొని, పని నేర్పటానికి ఒకే కాడికి కట్టినాడు. అవి పరుగెత్తి, కూర్చున్న ఒంటె మెడకు రెండువైపులా చిక్కినవి. ఒంటె లేచి నడిచినది. కోడెలు వ్రేలాడి ప్రాణం విడిచినవి. మంకి ఏడవలేదు. దైవం కానిదే పౌరుషం లేదని తెలుసుకొని, ఆశను విడిచి, సుఖంగా నిద్రపోగల స్థితికి వచ్చినాడు. మంకి అనే పేరుకూ మంఖలి అనే పేరుకూ సంబంధమున్నదని కొందరు పండితులు ఊహించినారు. పేరు మాట ఎట్లా ఉన్నా, నియతిని ఒప్పుకోవటం ఒక మనిషికి ఏమి ఇస్తుందో ఈ కథ చెప్పినంత స్పష్టంగా ప్రతిపక్షుల గ్రంథాలేవీ చెప్పలేదు. అది ఇచ్చేది నిశ్చింత.

అన్నీ నియతమైతే తపస్సు ఎందుకన్న ప్రశ్నను బౌద్ధులూ జైనులూ ఆజీవికులకు వేసినారు. ఆధునిక పరిశోధకులూ వేసినారు. ఆజీవికులు సుఖజీవులు కారు. వారు దిగంబరులు, చేతులలోనే భిక్ష తినేవారు, ఉపవాసాలు చేసేవారు. వారు నాలుగు విధాల తపస్సు చేసేవారనీ, నేయి మొదలైన రుచులను విడిచేవారనీ జైనుల స్థానాంగసూత్రం ఒప్పుకున్నది. 1951లో లండన్‌లో వెలువడిన ఆజీవిక చరిత్రలో ఎ.ఎల్. బాషం, ఈ వైరుధ్యానికి ఆజీవికుల వైపు నుండి పొసగే సమాధానాన్ని ఊహించినాడు: మనిషి తపస్సు చేసి ముక్తిని సంపాదించడు, ముక్తి దగ్గరపడినవాడు తపస్వి అవుతాడు. పండిన కాయ తొడిమను వీడినట్లే ఇది. వీడటం వలన కాయ పండలేదు.

వారి వర్ణవిభాగం కూడా దీనికి అనుగుణంగానే ఉన్నది. నలుపు, నీలం, ఎరుపు, పసుపు, తెలుపు, పరమశ్వేతం అని ఆరు అభిజాతులు. వేటగాండ్రు, క్రూరకర్ములు నలుపు. ఆజీవిక సన్న్యాసులు తెలుపు. నందవత్సుడు, కృశసాంకృత్యుడు, మస్కరి గోశాలుడు ఈ ముగ్గురే పరమశ్వేతులు. జీవి ఈ రంగులన్నింటిలోనూ నడవవలసినదే. వేటగాడు పాపి కాడు. అతని దారం ఇంకా పొడవున్నది, అంతే. పరులను తీర్పు తీర్చే అవసరం లేకుండా చేసే ఈ చూపు ఆ కాలంలోని మరే శ్రమణమతంలోనూ ఇంత నిక్కచ్చిగా లేదు. నియతితో సామరస్యంగా జీవించటమంటే వారికి ఇదే కావచ్చును: తొందరపడకపోవటం, వగవకపోవటం, తన స్థానానికి తగినట్లు నడవటం.

బుద్ధుడు మాత్రం దీనిని క్షమించలేదు. అంగుత్తరనికాయంలో ఆయన మక్ఖలి మతాన్ని వెంట్రుకలతో నేసిన కంబళితో పోల్చినాడు: చలికాలంలో చల్లన, ఎండకాలంలో వేడి, చూపుకు అందం లేదు, వాసన మంచిది కాదు, తాకితే గరుకు. నదీముఖంలో పన్నిన చేపలబుట్టతోనూ పోల్చినాడు. ఇతర గురువులెవరినీ ఆయన ఇంత తీవ్రంగా నిందించినట్లు కనబడదు. ఆ తీవ్రతకు కారణమున్నది. నేను మేలుకోగలను అన్న నమ్మకం లేకపోతే బుద్ధుని మార్గంలో మొదటి అడుగే పడదు. గోశాలుడు ఆ నమ్మకం మీదనే చేయి వేసినాడు.

జైనుల ఖండనం ఇంతకంటె సూక్ష్మమైనది. అది ఉపాసకదశలనే గ్రంథం ఏడవ అధ్యాయంలో ఉన్నది. 19వ శతాబ్ది చివరలో హోర్న్లే ఈ గ్రంథాన్ని పరిష్కరించి ఆంగ్లంలోకి అనువదించటంతో ఆజీవికుల విషయం ఆధునిక పండితుల చర్చలోకి వచ్చినది. పోలాసపురంలో సద్దాలపుత్తుడనే కుమ్మరి ఉన్నాడు. మూడు కోట్ల బంగారం, పదివేల గోవులు, ఊరివెలుపల 500 కుండల అంగళ్లు గలవాడు. అతడు ఆజీవికోపాసకుడు. మహావీరుడు అతని వాములకు వచ్చి, ఎండలో ఆరబెట్టిన కుండలను చూచి, ఇవి ఎట్లా తయారైనవని అడిగినాడు. మట్టిని నీటితో తడిపి, బూడిద, పేడ కలిపి, సారె మీద ఎక్కించి చేసినామని కుమ్మరి చెప్పినాడు. అయితే ఇవి ప్రయత్నం వలన అయినవా, ప్రయత్నం లేకుండానా? కుమ్మరి తన మతానికి కట్టుబడి, ప్రయత్నమనేది లేదు, అంతా నియతమేనన్నాడు. అప్పుడు మహావీరుడు అడిగినాడు: నీ పనివారిలో ఒకడు ఈ కుండలను దొంగిలించినా, పగులగొట్టినా, నీ భార్య అగ్గిమిత్తను అవమానించినా నీవేమి చేస్తావు? తిట్టుతాను, కొట్టుతాను, అవసరమైతే ప్రాణం తీస్తానన్నాడు కుమ్మరి. ప్రయత్నం లేదు, అంతా నియతమైతే, వాడు చేసినది వాడు చేసినది కాదు గదా; నీవు వానినెందుకు కొట్టాలి?

సద్దాలపుత్తుడు మాటలేక జైనుడైనాడని గ్రంథం చెబుతున్నది. నియతివాదం మీద వచ్చిన ఆక్షేపణలన్నింటిలో ఇది బలమైనది. శాస్త్రపంక్తులతో కాక, కుమ్మరి సారె దగ్గర, అతని చేతిపనినీ సంసారాన్నీ సాక్ష్యంగా పెట్టి అడిగినది. తన చేతకు కర్తృత్వం వద్దన్నవాడు పరుని చేతకు మాత్రం కర్తృత్వం అంటగడతాడు. నష్టం తనదైనప్పుడు నియతి గుర్తుండదు. ఆజీవికుడు దీనికి ఏమని బదులు చెప్పగలడు? వాడు పగులగొట్టటం ఎంత నియతమో నేను కొట్టటమూ అంతే నియతమని చెప్పవచ్చును. తర్కానికి అది నిలుస్తుంది. కాని అట్లా చెప్పిన మరుక్షణం న్యాయం, అన్యాయం అన్న మాటలు అర్థం కోల్పోతాయి. ఆ సమాధానాన్ని జైనగ్రంథం కుమ్మరి నోట పలికించలేదు. ఆజీవికుల స్వంత గ్రంథాలలో అంతకంటె మెరుగైన సమాధానం ఉండి ఉంటే అది వాటితోనే పోయినది.

గోశాలుని మరణవృత్తాంతం ప్రతిపక్షుల సాక్ష్యాన్ని ఎట్లా చదవాలో నేర్పుతుంది. శ్రావస్తిలో హాలాహల అనే కుమ్మరి స్త్రీ ఇంట అతడు ఉండేవాడు. భగవతీసూత్రం ప్రకారం మహావీరునితో కలహించి, అతని మీద ప్రయోగించిన తేజస్సు తననే తిరిగి తాకగా, జ్వరంతో ఏడవ రాత్రి మరణించినాడు. ఆ రోజులలో అతడు పాడినాడు, ఆడినాడు, హాలాహలకు అంజలి ఘటించినాడు, కుండలోని మట్టినీళ్లు ఒంటిమీద చల్లుకున్నాడు. చివరి పానం, చివరి పాట, చివరి ఆట, చివరి అంజలి, చివరి తుపాను, చివరి గంధగజం, చివరి మహాశిలల యుద్ధం, చివరి తీర్థంకరుడు అని ఎనిమిది ‘చరమా’లను ప్రకటించినాడు. జైనులకు ఇది సన్నిపాత ప్రలాపం. కాని ఏనుగు, మహాశిలల యుద్ధం అజాతశత్రువు వైశాలి మీద సాగించిన యుద్ధాన్ని తలపిస్తున్నవి. పాట, ఆట ఆ మతస్థుల ఆచారంలో భాగాలని పరిశోధకులు భావించినారు. ఒక యుగం ముగుస్తున్నదని గ్రహించిన గురువు చివరి మాటలు ఆ ప్రలాపం చాటున ఉన్నవి. మగధ సామ్రాజ్యం గణరాజ్యాలను మింగుతున్న కాలంలో, మనిషి చేతిలో ఏమీ లేదన్న మతానికి అంత ఆదరణ ఎందుకు లభించిందో ఇక్కడ కొంత తెలుస్తుంది. 1959లో వెలువడిన ‘లోకాయత’ గ్రంథంలో దేబీప్రసాద్ చట్టోపాధ్యాయ గోశాలుని నియతివాదాన్ని గణసమాజాల పతనంతో ముడిపెట్టి చర్చించినాడు.

అంతకంటె విలువైన వివరం ఆ వృత్తాంతం చివర ఉన్నది. మరణానికి ముందు గోశాలుడు పశ్చాత్తాపపడి, తాను జినుడు కానని ఒప్పుకొని, తన శవాన్ని ఎడమకాలికి తాడుకట్టి, ముఖం మీద ఉమ్మివేస్తూ శ్రావస్తి వీధులలో ఈడ్చవలసినదని ఆజ్ఞాపించినాడట. శిష్యులు తలుపులు మూసి, నేలమీద శ్రావస్తి పటం గీసి, దానిమీద గుట్టుగా ఈడ్చి మాట నిలుపుకున్నారట. తరువాత తలుపులు తెరిచి మహావైభవంగా అంత్యక్రియలు చేసినారు. మూసిన తలుపుల వెనుక జరిగినది జైన రచయితకు ఎట్లా తెలిసినదో గ్రంథం చెప్పదు. ఊరంతా చూచినది వైభవమైన అంత్యక్రియలనే. దానిని కాదనలేక, కంటికి కనబడని అవమానం ఒకటి కల్పించవలసి వచ్చినదని ఊహించవచ్చును. ప్రతిపక్షి ఎంత ద్వేషంతో వ్రాసినా, జనులందరికీ తెలిసినదానిని దాచలేడు. ఆజీవికుల చరిత్రను తిరిగి నిర్మించినవారు, 1920లో కలకత్తా విశ్వవిద్యాలయం ద్వారా ‘ఆజీవికులు’ అన్న గ్రంథం వెలువరించిన వేణీమాధవ బారువా మొదలు బాషం వరకు, ఇటువంటి అతుకుల దగ్గరనే ఆధారాలు వెదికినారు.

గ్రంథాలు పోయినా రాళ్లు మిగిలినవి. బీహారులో, ఇప్పటి జహానాబాద్ జిల్లాలోని బరాబర్ కొండలలో అశోకుడు పట్టాభిషేకమైన 12వ ఏట రెండు గుహలను ఆజీవికులకు దానం చేసినాడు. తన 7వ స్తంభశాసనంలో ధర్మమహామాత్రుల బాధ్యతలు చెబుతూ బౌద్ధసంఘంతో, బ్రాహ్మణులతో, నిర్గ్రంథులతో పాటు ఆజీవికులను కూడా పేర్కొన్నాడు. అతని మనుమడు దశరథుడు పక్కనే ఉన్న నాగార్జుని కొండలో మూడు గుహలు ఇచ్చి, సూర్యచంద్రులున్నంత కాలం వారు అక్కడ నివసించవలెనని చెక్కించినాడు. గట్టి రాతిని తొలిచి అద్దంలా నునుపు చేసిన ఆ గోడలు నేటికీ మెరుస్తున్నవి. మాట పలికితే చాలాసేపు మారుమ్రోగుతవి. ఇ.ఎం. ఫార్‌స్టర్ 1924లో ప్రచురించిన నవలలోని మరబార్ గుహలకు, వాటిలోని ప్రతిధ్వనికి మాతృకలు ఇవే. కాని తరువాత ఎవరో శాసనాలు కొన్నింటిలో ‘ఆజీవిక’ అన్న మాటను మాత్రం ఉలితో చెక్కివేసినారు. క్రీస్తుశకం 5, 6 శతాబ్దుల ప్రాంతంలో మౌఖరి అనంతవర్మ ఆ గుహలలో వేరే దేవతామూర్తులను నిలిపినాడు. సూర్యచంద్రులున్నారు, దానం పొందినవారి పేరు పోయినది.

ఉత్తరాన వారి జాడ మసకబారిన తరువాత దక్షిణాన అది నిలిచినది. ఇందులో తెలుగునేలకూ పాలున్నది. నెల్లూరు సీమలో దొరికిన విళవట్టి తామ్రశాసనంలో, 5వ శతాబ్ది పల్లవరాజు సింహవర్మ పన్నుల పట్టిక ఉన్నది. లోహకారులు, చర్మకారులు, బట్టల వర్తకుల వంటివారి వరుసలో ఆజీవికుల పేరు కనిపిస్తుంది. అశోకుని కాలంలో గుహలు పొందినవారు ఇక్కడ పన్ను కట్టేవారైనారు. చోళుల కాలపు తమిళ శాసనాలలోనూ ఆజీవికుల మీద వేసిన కాసుపన్ను ప్రస్తావన వస్తుంది. తమిళ కావ్యం మణిమేకలైలో నాయిక వంజి నగరంలో వివిధ మతాచార్యులను వింటూ ఆజీవికుని కూడా విన్నది. జైనకావ్యం నీలకేశిలోనూ, 13వ శతాబ్దిలో అరుణంది శివాచార్యుడు రచించిన శివజ్ఞానసిద్ధియార్‌లోనూ ఆజీవికుడు పూర్వపక్షిగా నిలబడినాడు. అప్పటికి వారి మతం ఇంకొక మెట్టు ఎక్కినది. జరగవలసినదంతా నియతమైతే అది ఇప్పటికే ఉన్నట్లు, ఉన్నది చలించదు, మార్పూ కదలికా పైకి తోచేవి మాత్రమే. దీనిని వారు అవిచలితనిత్యత్వమన్నారు. విప్పుకుంటున్న నూలుండ చివరకు కదలని నూలుండగా మారినది. 14వ శతాబ్ది తరువాత వారి ప్రస్తావన శాసనాలలోనూ ఆగిపోయినది.

ఆజీవికులను ఎవరైనా వాదంలో ఓడించి అంతం చేసినారనటానికి ఆధారం లేదు. వారి ప్రశ్న ఇతరుల ఇండ్లలో చేరినది. శైవాగమాల 36 తత్త్వాలలో నియతి ఒకటిగా, జీవుని కట్టివేసే కంచుకంగా నిలిచినది. అక్కడ అది శివుని అధీనంలో ఉన్నది. జనుల వాడుకలో అది కర్మతో, తలరాతతో కలిసిపోయినది. వారి చూపులోని నిశ్చింత, పరులను తీర్పు తీర్చని గుణం మాత్రం ఆ కలయికలో జారిపోయినవి. మిగిలినది నిట్టూర్పు. ఒక దర్శనం నశించటమంటే ఇదే: మాట ఉంటుంది, దాని వెనుక ఉన్న ఆలోచన ఉండదు.

మన శాస్త్రగ్రంథాలలో పూర్వపక్షం చెప్పటం గొప్ప సంప్రదాయం. పరుని మాటను పరుడే ఒప్పుకునేటట్లు చెప్పి, తరువాత ఖండించటం దాని మర్యాద. ఆ మర్యాద ఎక్కడ పాటింపబడినదో అక్కడ చార్వాకుడైనా, ఆజీవికుడైనా కొంత బతికినాడు. ఎక్కడ అది పరిహాసానికి దిగినదో అక్కడ అతడు పగిలిన నూనెకుండగా మిగిలినాడు. ఒక భాష నుండి మరొక భాషకు గ్రంథాలను తెచ్చేవారికీ, గతించినవారిని గురించి కథలూ నవలలూ వ్రాసేవారికీ ఈ చరిత్ర అందుకే పనికివస్తుంది. వారు ఒప్పుకోని మనిషి మాట రేపు వారి పేజీలో తప్ప మరెక్కడా మిగలకపోవచ్చును.

కాశ్మీరాలంకారికుడు మమ్మటుడు కావ్యప్రకాశం మొదట్లోనే కవిభారతిని స్తుతిస్తూ, అది నియతి విధించిన నియమాలకు లోబడని సృష్టి అన్నాడు. లోకంలో లేని స్వాతంత్ర్యం కవికి ఉన్నది. కాని అతని పాత్రలకు ఆ స్వాతంత్ర్యం ఎంత? వారి దారం ఎంత పొడవో చేతిలో పట్టుకున్నవాడు రచయిత. కథ చివర ఒక పాత్రను శిక్షించినప్పుడు, కుండ పగులగొట్టినవానిని నీవెందుకు కొట్టాలన్న పోలాసపురం ప్రశ్న రచయితకు కూడా వర్తిస్తుంది. ‘రాసిపెట్టి ఉన్నది’ అని పాత్రచేత అనిపించి ఆ ప్రశ్నను తప్పించుకోవటం సులువు. గోశాలుడు దానిని తప్పించుకోలేదు. నిందించవలసినవాడు లేడని చివరి వరకు నిలబడినాడు. సద్దాలపుత్తుడు తన కుండల వైపూ, తన భార్య వైపూ చూచి, నిందించవలసినవాడు ఉన్నాడని ఒప్పుకున్నాడు. ఈ ఇద్దరిలో ఎవరి పక్షాన తన కథ నిలుస్తున్నదో రచయిత తేల్చుకోవలసినదే.